ఇందులో రైటర్ ఏం రాశాడు?

సంక్రాంతికి తణుకు వెళ్ళినప్పుడు, అక్కావాళ్ళింట్లో అందరూ పడుకున్నాక బావా నేనూ కూర్చుని 'క్లోజ్' చూశాం. బెల్జియం సినిమా. నేను అంతకుముందే ఒకసారి చూశాను, బావకి చూపించాలని నాకే కోరిక. అయ్యేసరికి పన్నెండు దాటింది. తెర మీద పేర్లు పడుతున్నాయి. బావ చాలాసేపు ఏమీ అనలేదు. తర్వాత అడిగారు: "బాగుందిరా. పిల్లలిద్దరూ ప్రాణం పెట్టి చేశారు. కానీ ఇందులో రైటర్ ఏం రాశాడు? ఎవరూ పట్టుమని పది మాటలు మాట్లాడలేదు కదా."

ఆ ప్రశ్నని తేలిగ్గా తీసుకోలేకపోయాను. బావ ఇరవై ఏళ్ళు పరిషత్తు నాటికల్లో వేసిన మనిషి. బ్యాంకు ఉద్యోగం చేసుకుంటూ, సెలవులు పెట్టి మరీ పోటీలకి వెళ్ళేవారు. ఒక నాటిక బాగుందా లేదా అన్నది ఆయన మాటల్ని బట్టే తేలుస్తారు. అది ఆయన ఒక్కరి అలవాటేమీ కాదు. మన సినిమాల్లో 'మాటలు' అని విడిగా ఒక పేరు పడుతుంది. డైలాగు పేలిందా, జనం బయటికొచ్చాక దాన్ని అనుకుంటున్నారా అన్నదే మనకి రచయితని కొలిచే కొలత. ఆ కొలతతో చూస్తే 'క్లోజ్' రాసిన మనిషి దాదాపు ఏమీ రాయనట్టే.

ఆ రాత్రి బావకి సరైన జవాబు చెప్పలేకపోయాను. ఈ పోస్టు ఆ జవాబు. సినిమా కథ మొత్తం చెప్పేస్తున్నాను కాబట్టి చూడనివాళ్ళు చూశాకే చదవండి.

ఆంజెలో టైసెన్స్ అనే మనిషి

'క్లోజ్'ని రాసింది ఇద్దరు. ఒకరు దర్శకుడు లూకాస్ డోంట్. రెండో ఆయన ఆంజెలో టైసెన్స్, 1986లో పుట్టిన ఫ్లెమిష్ రచయిత (బెల్జియంలో డచ్ మాట్లాడే ఫ్లాండర్స్ ప్రాంతం వాడు), అప్పుడప్పుడూ నటుడు. డోంట్ పేరు చిత్రోత్సవాల్లో, ఇంటర్వ్యూల్లో, పోస్టర్ల మీద కనిపిస్తుంది. టైసెన్స్ పేరు కోసం వెతుక్కోవాలి. ఇద్దరూ కలిసి రాసిన మొదటి పెద్ద సినిమా 'గర్ల్'కి 2018లో ఫ్రాన్సులోని కాన్ చిత్రోత్సవంలో కెమెరా డోర్ వచ్చింది, తొలి సినిమా తీసినవాళ్ళకి ఇచ్చే బహుమతి అది. 2022లో 'క్లోజ్'కి అదే కాన్‌లో గ్రాండ్ ప్రీ వచ్చింది, అక్కడ రెండో పెద్ద బహుమతి అది. ఫ్రెంచి దర్శకురాలు క్లేర్ డెనీ సినిమాతో కలిపి పంచుకున్నారు. మరుసటి ఏడాది ఆస్కార్ విదేశీ చిత్రాల విభాగంలో చివరి అయిదింటిలో నిలిచింది.

ఈ రెండు సినిమాలకి ముందూ మధ్యలోనూ టైసెన్స్ ఇంకో పని చేస్తున్నాడు. ఘెంట్ నగరంలో ఒక నాటక బృందం ఉంది, పేరు 'ఓంట్‌రూరెంట్ ఖుట్'. వాళ్ళ డచ్ భాషలో స్థిరాస్తికి 'ఓన్‌రూరెంట్ ఖుట్' అంటారు, అంటే కదలని ఆస్తి. దానికి ఒక్క అక్షరం కలిపితే మనసుని కదిలించే ఆస్తి అవుతుంది. ఆ బృందంలో అతను రాశాడు, వేదిక మీద నటించాడు కూడా. 2022లోనే ఒక చిన్న నవల కూడా వచ్చింది.

ఫ్లాండర్స్ అంటే మొత్తం డెబ్బై లక్షలకి లోపు జనం. అక్కడ కేవలం సినిమాలకి రాసి బతకడం కష్టం. నాటకం, టీవీ, నవల, నటన, ఎక్కడ పని ఉంటే అక్కడికి వెళ్తారు. అయితే ఒక మంచి వసతి ఉంది. 2002లో మొదలైన అక్కడి ఆడియోవిజువల్ ఫండ్ స్క్రిప్టు దశకి విడిగా డబ్బు సాయం చేస్తుంది. సినిమా ఇంకా సినిమా కాకముందే, కాగితం మీద ఉన్నప్పుడే, అది జీతానికి తగ్గ పని అని ఒప్పుకోవడం అన్నమాట. మన దగ్గర రచయితలు కథా చర్చల పేరుతో నెలల తరబడి హోటల్ గదుల్లో కూర్చుని లేచిపోయిన సంగతులు వింటూ పెరిగిన నాకు, ఈ ఒక్క విషయం చాలా పెద్దదిగా అనిపించింది.

రాసేవాళ్ళు నటించడం మనకి కొత్తేమీ కాదు. గొల్లపూడి మారుతీరావు గారు 1964లో 'డాక్టర్ చక్రవర్తి'తో రచయితగా వచ్చి, 1982లో నటుడయ్యారు. 'శివ'కి మాటలు రాసిన తనికెళ్ళ భరణి గారే అందులో నానాజీ. కానీ మన దగ్గర ఈ దారి ఒకవైపే నడిచింది. రచయిత నటుడైతే, నటన అతన్ని తీసేసుకుంటుంది. టైసెన్స్ విషయంలో ఉల్టా జరిగిందని నా నమ్మకం. అతని నటన అతని రాతలోకి వెళ్ళింది. ఈ పోస్టులో నేను గట్టిగా చెప్పదలచుకున్నది ఇదే.

వెనక్కి మాట్లాడిన నాటకం

ఆ బృందం 2016లో ఒక నాటకం చేసింది. దాని ఇంగ్లీషు పేరు ముందు నుంచి చదివినా వెనక నుంచి చదివినా ఒకటే. టైసెన్స్ అందులో నటుల్లో ఒకడు. నేను రికార్డింగే చూశాను, హాల్లో కూర్చుని చూసే అదృష్టం లేదు.

వేదిక మీద ఒక చెట్టు ఉంటుంది. మనుషులు వస్తారు. ఏదో మాట్లాడతారు, ఒక్క ముక్క అర్థం కాదు. నడక కూడా విచిత్రంగా ఉంటుంది, కాళ్ళు ఎక్కడో తడబడుతున్నట్టు. మెల్లగా చెట్టుని విరిచి ముక్కలు చేస్తారు. ప్లాస్టిక్ సంచులు వచ్చి పడతాయి, వేదికంతా నిండిపోతుంది. ఒక విగ్రహం నిలబెడతారు. పొగ కమ్ముతుంది. అక్కడ ఆగిపోయి, అప్పటిదాకా జరిగిందాన్ని తీసిన వీడియోని తెర మీద వెనక నుంచి ముందుకి నడుపుతారు. అప్పుడు తెలుస్తుంది, వాళ్ళు మాట్లాడింది ఇంగ్లీషే, ప్రతి ధ్వనినీ తిరగేసి పలికారు. నడిచింది వెనక్కి. ఇప్పుడు సంచులు ఒక్కొక్కటే ఏరేస్తున్నారు, చెట్టు ముక్కలు ఒకదానికొకటి అతుక్కుంటున్నాయి. మనుషులు పాడుచేసిన భూమిని తిరిగి బాగుచేస్తున్నట్టు కళ్ళ ముందు కనిపిస్తుంది. నాకు గొంతు పట్టేసింది.

ఒక నటుడు అంతసేపు ఎవరికీ అర్థం కాని మాటలు పలుకుతూ ప్రేక్షకుల ఎదుట నిలబడ్డాడంటే, అతనికి ఒకటి ఒంటికి పట్టి ఉండాలి. మాట అందకపోయినా జనం చూస్తూనే ఉంటారు. చేతులు ఎక్కడున్నాయి, ఎవరు ఎవరికి దూరంగా జరిగారు, ఎవరు ముందు కళ్ళు దించుకున్నారు, ఇవన్నీ చదువుకుంటూనే ఉంటారు.

అదే బృందం ఇంకో ప్రదర్శన చేసింది. పౌండు, యెన్, యూరో, డాలరు గుర్తులు వరసగా పెట్టి 'లైస్' అని చదువుకునే పేరు. టైసెన్స్ దాని రచనలో ఒకడు. చూడ్డానికి వచ్చినవాళ్ళని జూదం బల్లల్లాంటి వాటి చుట్టూ కూర్చోబెడతారు. ఒక్కొక్కరూ ఒక బ్యాంకు. పాచికలు వేస్తూ, పెట్టుబడులు పెడుతూ, చివరికి వాళ్ళంతట వాళ్ళే కూలిపోయే దాకా ఆడతారు. అక్కడ ఎక్కువ మాట్లాడేది ప్రేక్షకులే. మరి రచయిత రాసిందేమిటి? ఏ నియమం పెడితే మనిషి ఆశపడతాడు, ఏ క్షణంలో పక్కవాడిని చూసి భయపడతాడు, అది రాశాడు.

బావ ప్రశ్నకి నా జవాబు ఇక్కడే మొదలవుతుంది.

భోజనాల బల్ల దగ్గర

'క్లోజ్'లో లియో, రెమీ అని పదమూడేళ్ళ పిల్లలు. లియో వాళ్ళది పూలతోట. ఇద్దరూ ఒక మంచం మీద పడుకుంటారు, కలిసి సైకిళ్ళ మీద బడికి వెళ్తారు. కొత్త బడిలో ఒక అమ్మాయి అడుగుతుంది, మీరిద్దరూ జంటా అని. అంతే. లియో కొద్దికొద్దిగా జరుగుతాడు. ఐస్ హాకీలో చేరతాడు. ఒకరోజు రెమీ కోసం ఆగకుండా బడికి వెళ్ళిపోతాడు. కొన్నాళ్ళకి రెమీ ప్రాణం తీసుకుంటాడు. మిగతా సగం సినిమా లియో ఒక్కడే ఆ బరువు మోయడం.

పిల్లాడు పోయాక రెమీ అమ్మానాన్నలు లియో వాళ్ళింటికి భోజనానికి వస్తారు. లియో అన్నయ్య చార్లీ మామూలుగా తన ముందు సంగతులు చెబుతాడు, చదువయ్యాక ఏం చేద్దామనుకుంటున్నాడో. చెడ్డ ఉద్దేశం ఏమీ లేదు. పెద్దవాళ్ళు అడిగితే ఏ కుర్రాడైనా చెప్పే మాటలే. వింటూ వింటూ రెమీ నాన్న ఏడ్చేస్తాడు. మాకు కొడుకు లేడు, వాడికి ఈ వయసు రాదు అని ఎవరూ అనరు. చార్లీ చెబుతున్న ప్రతి వాక్యం దానంతటదే అదే అంటోంది.

బావా, అది రాశాడు రైటర్. ఆ బల్ల దగ్గర ఎవరు ఏం మాట్లాడితే ఎవరికి తగులుతుందో చూసుకుని, ఎవరికీ తెలియకుండా కుర్రాడి నోట్లో ఆ ముక్క పెట్టాడు. మామూలు మాట కాబట్టే అది వినబడకుండా పోయింది.

ఇలా చెప్పుకుంటూ పోతే చాలా ఉన్నాయి. ఒకటి మాత్రం చెప్తాను. లియో హాకీలో చెయ్యి విరగ్గొట్టుకుంటాడు. ఆసుపత్రిలో కట్టు కడుతుంటే ఏడుస్తాడు. అన్నాళ్ళూ ఏడవని పిల్లాడు. చెయ్యి నొప్పి అంటే అందరికీ అర్థమవుతుంది, ఎవరూ ఎందుకని అడగరు. ఏడవడానికి వాడికి ఒక సాకు దొరికింది. ఆ సాకుని తయారుచేసి ఇచ్చింది ఆ ఇద్దరు రచయితలు.

నాలోపల ఉన్న అనుమానాలు

మొదటిది, ఇదంతా దర్శకుడిది కాదని ఎలా అంటావు అని ఎవరైనా అడగొచ్చు. అనలేను. ఒక గదిలో ఇద్దరు కూర్చుని రాసినదాంట్లో ఏ వాక్యం ఎవరిదో బయటివాడికి తెలిసే దారి లేదు. పైగా ఆ పిల్లల్ని నడిపించింది, పూలతోటలో పరుగుని ఆ వెలుతురులో పట్టింది డోంటే. నా మాట ఇంతవరకే: ఇద్దరి పేర్లూ ఉన్నచోట మనం ఒకటే చదువుతున్నాం. రెండోది కూడా చదవాలి.

రెండోది ఇంకా బరువైనది. 'గర్ల్'లో కూడా మౌనమే. లారా అనే పదిహేనేళ్ళ అమ్మాయి, అబ్బాయి శరీరంతో పుట్టింది, బ్యాలే డాన్సరు కావాలని కోరిక. నాన్న టాక్సీ నడుపుతాడు, కూతుర్ని ప్రాణంలా చూసుకుంటాడు. ఆ సినిమాని ఎంతమంది మెచ్చుకున్నారో, అంత గట్టిగా చాలామంది ట్రాన్స్ విమర్శకులు తప్పుపట్టారు. కెమెరా ఆ పిల్ల శరీరాన్నే చూస్తూ ఉంటుందని, చివర్లో తనని తాను గాయపరుచుకునే ఘట్టం ప్రమాదకరమని అన్నారు. ఆ కథకి ప్రేరణ అయిన డాన్సరు నోరా మోన్‌సెకూర్ సినిమా పక్షాన నిలబడి, అది తన అనుభవమేనని రాసింది. ఆమె మాటకి విలువ ఇస్తాను. అయినా విమర్శకుల మాటలోనూ నిజం ఉందని నాకనిపిస్తుంది, ఆ నిజం రచనకి సంబంధించిందే. లారా మనసులో ఏముందో చెప్పే మాట లేదు. సరే. కానీ ఆ మాట స్థానంలో ఇంకేం పెట్టారు? ఎక్కువసార్లు ఆమె శరీరాన్నే పెట్టారు. తెలియని ప్రేక్షకుడు దాన్ని తన భయంతో, తన కుతూహలంతో నింపేసుకుంటాడు.

నాలుగేళ్ళ తర్వాత 'క్లోజ్'కి వచ్చేసరికి అదే ఇద్దరు మాట తీసేసిన ప్రతిచోటా ఒక పని పెట్టారు. హాకీ హెల్మెట్, పూల మొక్కలు నాటడం, రెమీ వాయించే ఓబో అనే ఊదే వాయిద్యం, విరిగిన చెయ్యి. పిల్లలు ఎప్పుడూ ఏదో ఒకటి చేస్తూ ఉంటారు, మనం వాళ్ళ చేతుల వైపు చూస్తూ ఉంటాం. ఇది వాళ్ళు నేర్చుకున్నదని నేననుకుంటున్నాను.

మూడో అనుమానం 'క్లోజ్' మీదే. రెమీ చావు ప్రేక్షకుడిని కుదిపేయడానికి వాడుకున్నదని కొందరు విమర్శించారు. పూర్తిగా ఒప్పుకోను, పూర్తిగా కాదనలేను కూడా. రెండోసారి చూసినప్పుడు నాకు లోటు కనబడింది. మనకి రెమీ లోపల ఏం జరిగిందో ఎప్పుడూ తెలియదు. వాడు పోయాక వాడు లియో తప్పుగా మారిపోతాడు. ఒక మనిషి ఇంకొకడి బాధకి కారణంగా మిగిలిపోవడం న్యాయం కాదు. మౌనం ఇక్కడ రచయితలకి ఒక పనిని తప్పించిపెట్టిందేమో అనిపించింది.

మాటలు తీసేయడం దానంతటదే గొప్ప కాదు. యూరప్ సినిమాల్లో కిటికీలోంచి చూస్తూ కూర్చున్న మనుషుల్ని చాలామందిని చూశాను, వాళ్ళ వెనక ఏమీ ఉండదు. అందుకే నేను ఒకటే చూసుకుంటాను. ఈ మనిషి ఏ మాట అనకుండా ఆగుతున్నాడో నాకు తెలుస్తోందా? తెలిస్తే రచయిత ఉన్నాడు. చార్లీ మాట్లాడుతున్నప్పుడు ఆ బల్ల చుట్టూ ఉన్నవాళ్ళందరూ ఏ మాట మింగుతున్నారో నాకు తెలుసు.

సైకిల్ స్టాండు గోడ

ఈ సినిమా నాకు ఇంత దగ్గరగా ఎందుకు వచ్చిందో చెప్పకపోతే ఈ పోస్టు సగం అబద్ధం అవుతుంది.

ఎనిమిదో తరగతిలో నాకూ ఒక స్నేహితుడు ఉండేవాడు. ఒకే సైకిల్ మీద వెళ్ళేవాళ్ళం, వెళ్ళేటప్పుడు వాడు తొక్కేవాడు, వచ్చేటప్పుడు నేను. భుజం మీద చెయ్యి వేసుకుని నడవడం మా ఊళ్ళో ఎవరికీ వింత కాదు. మగపిల్లలు చేతులు పట్టుకుని తీర్థంలో తిరిగేవాళ్ళు. అందుకే 'క్లోజ్' మొదటిసారి చూసినప్పుడు, ఇది మన దగ్గర జరగదులే అనుకున్నాను. తర్వాత గుర్తొచ్చింది. సైకిల్ స్టాండు గోడ మీద ఎవరో సుద్దతో మా ఇద్దరి పేర్లు రాసి మధ్యలో ప్లస్ గుర్తు పెట్టారు. వాడు నవ్వి చేత్తో చెరిపేశాడు. నేను మర్నాటి నుంచి నడిచి వెళ్ళడం మొదలుపెట్టాను. వ్యాయామం అని చెప్పాను. వాడు నాలుగు రోజులు మా వీధి మలుపులో ఆగి చూసి, తర్వాత ఆగడం మానేశాడు.

వాడికేం కాలేదు, బాగానే ఉన్నాడు. ఒక పెళ్ళిలో కలిశాం. స్థలాల రేట్ల గురించి, పిల్లల చదువుల గురించి మాట్లాడుకున్నాం. అరగంట మాట్లాడుకున్నాం, ఒక్క మాటా మాట్లాడుకోలేదు. నేనే కనుక ఆ పెళ్ళి సీను రాస్తే గోడ గురించి, సైకిల్ గురించి, సారీ గురించి పేజీ డైలాగు రాసేవాణ్ణి. టైసెన్స్ అయితే స్థలాల రేట్లే రాసేవాడు.

'క్లోజ్' రాసేటప్పుడు వాళ్ళు నయోబీ వే అనే అమెరికన్ మనస్తత్వ శాస్త్రవేత్త పరిశోధన చదివారట. పదమూడేళ్ళ అబ్బాయిలు తమ స్నేహితుల గురించి ప్రేమకథ చెప్పినట్టు చెప్తారు, కొన్నేళ్ళు పోయాక అడిగితే ఆ మాటలే వాళ్ళ దగ్గర ఉండవు అని ఆమె చాలామంది పిల్లలతో ఏళ్ళ తరబడి మాట్లాడి తేల్చింది. మాటలు పోవడం గురించిన కథలో మాటలు తక్కువగా ఉండటం నాకు ఇప్పుడు సహజంగా అనిపిస్తుంది.

అతను ఒక్కడే రాసినప్పుడు

టైసెన్స్ నవలని ఇంగ్లీషు అనువాదంలో చదివాను. తల్లి చనిపోయాక ఒక యువకుడు సముద్రం ఒడ్డున ఉన్న సొంత ఊరికి తిరిగి వస్తాడు. అతనికి పేరుండదు. చిన్నప్పుడు అతన్ని కొట్టిన ఆ తల్లి, అతను మొదటిసారి ప్రేమించిన అబ్బాయి, ఇద్దరూ ఆ ఊళ్ళోనే ఉన్నారు, ఒకరు జ్ఞాపకంగా, ఒకరు మనిషిగా.

ఇక్కడ దర్శకుడు లేడు, పూలతోట వెలుతురు లేదు, కళ్ళల్లో నీళ్ళు తెప్పించే సంగీతం లేదు. అయినా అదే చెయ్యి కనిపించింది. హింసని వివరిస్తున్నప్పుడు వాక్యాలు పొట్టిగా, పొడిగా ఉంటాయి. నేను జాలిపడాలని ఎక్కడా అడగడు. సినిమాలకంటే ఇది కఠినంగా ఉంది, నిజం చెప్పాలంటే నాకు సినిమాల కంటే ఇదే ఎక్కువ నచ్చింది. ఆ గదిలో ఉన్న రెండో మనిషి ఏం తెచ్చి ఉంటాడో ఈ పుస్తకం చదివాక కొంచెం ఊహించుకోగలిగాను.

పై వాక్యాలన్నీ దాదాపు ఇలాగే బావకి ఫోన్లో చెప్పాను. ఆయన ఓపిగ్గా విని, తన సంగతి ఒకటి చెప్పారు. ఎప్పుడో ఒక పోటీలో, కొడుకు ఇల్లు వదిలి వెళ్ళిపోయాక తండ్రి చెప్పే పెద్ద డైలాగు మధ్యలో మర్చిపోయారట. ప్రాంప్టింగ్ వినబడలేదు. ఏం చెయ్యాలో తోచక కొడుకు కూర్చునే కుర్చీ దగ్గరికి వెళ్ళి, దాన్ని బల్ల కిందికి సర్ది నిలబడ్డారు. హాలు నిశ్శబ్దం అయిపోయింది. ముందు వరసలో ఒకాయన కళ్ళు తుడుచుకున్నాడు. లోపలికి వచ్చాక రచయిత మాత్రం ఆయనతో మాట్లాడలేదు.

"మరి తర్వాత పోటీలో ఏం చేశారు బావా?" అన్నాను.

"డైలాగే చెప్పానురా. ఆయన కష్టపడి రాశాడు కదా."

అయినా బావ నా మాటకి పూర్తిగా రాలేదు. ఒక్కచోట మాట కావాల్సిందే అంటారు. పిల్లలందరూ సముద్రానికి వెళ్ళొచ్చాక లియో బస్సు దిగడు. తల్లి బస్సు ఎక్కి, రెమీ ఇక లేడన్న సంగతి రెండు ముక్కల్లో చెబుతుంది. "కన్నతల్లి అక్కడ ఇంకో మాట అంటుందిరా. అనకుండా ఉండలేదు." ఏమంటుంది అని అడిగితే, నువ్వే రాసి చూడు అన్నారు.

మూడు వాక్యాలు రాసి వాట్సాప్‌లో పంపాను. మొదటిది ఎక్కువైంది అన్నారు. రెండోది తల్లి మాటలా లేదు, టీచరు మాటలా ఉంది అన్నారు. మూడోది చూసినట్టు నీలం టిక్కులు పడ్డాయి. నిన్నటి నుంచి జవాబు లేదు.